ఇంటి లోన్: పదిహేనేళ్లా, ఇరవయ్యా, ముప్పయ్యా?

మన వరంగల్ వైపు అప్పు మాట వస్తే ముందు అడిగేది "ఎన్ని రూపాయల వడ్డీ?" అని. నూటికి నెలకు రూపాయి అంటే ఏడాదికి 12 శాతం, రెండు రూపాయలంటే 24 శాతం. ఈ లెక్క ఎవరికీ నేర్పాల్సిన పని లేదు. అదే హన్మకొండలో ఇల్లు కొనడానికి బ్యాంకుకు పోయినప్పుడు మాత్రం ప్రశ్న మారిపోతుంది: "నెలకు కిస్తీ ఎంత పడుతుంది?" జీతంలో ఆ కిస్తీ సరిపోతే చాలనుకుంటాం. సరిపోకపోతే కాలం పెంచి కిస్తీ తగ్గిస్తారు, మనమూ సంతోషంగా సంతకం పెడతాం. ఇంటి లోన్ ఖరీదంతా ఉన్నది ఆ పెరిగిన కాలంలోనే.

గోపాల్‌పూర్ దగ్గరో, భీమారం వైపో 40 లక్షల ఇల్లు, అందులో 30 లక్షల లోన్, వడ్డీ 8.5 శాతం అనుకుందాం. మన భాషలో చెప్పాలంటే నూటికి 71 పైసల వడ్డీ. వినడానికి చాలా చవక. మీ రేటు కొంచెం అటూ ఇటూ ఉన్నా లెక్క తీరు మారదు.

15 ఏళ్లకైతే కిస్తీ రూ.29,542. మొత్తం వడ్డీ సుమారు 23.18 లక్షలు.
20 ఏళ్లకైతే కిస్తీ రూ.26,035. మొత్తం వడ్డీ సుమారు 32.48 లక్షలు.
30 ఏళ్లకైతే కిస్తీ రూ.23,067. మొత్తం వడ్డీ సుమారు 53.04 లక్షలు.

ఇరవై నుంచి ముప్పై ఏళ్లకు పోతే నెలకు మిగిలేది మూడు వేల లోపే. దానికి అదనంగా కట్టే వడ్డీ ఇరవై లక్షలు దాటుతుంది. పదిహేను నుంచి ఇరవైకి పోయినా నెలకు మూడున్నర వేల వెసులుబాటు కోసం తొమ్మిది లక్షల పైన ఇస్తున్నాం. ముప్పై ఏళ్ల లోన్‌లో 40 లక్షల ఇంటికి మన చేతి నుంచి పోయేది, ముందు పెట్టిన పది లక్షలతో కలిపి, 93 లక్షలు. రిజిస్ట్రేషన్ దీనికి అదనం.

ఇట్లా ఎందుకవుతుందో తెలుసుకుంటే మిగతా నిర్ణయాలు సులువవుతాయి. వడ్డీ ప్రతి నెలా మిగిలిన అసలు మీద పడుతుంది. 30 లక్షల మీద మొదటి నెల వడ్డీ రూ.21,250. పదిహేనేళ్ల లోన్‌లో కిస్తీ నుంచి ఈ వడ్డీ పోగా అసలుకు రూ.8,292 జమ అవుతుంది. ఇరవై ఏళ్లదైతే రూ.4,785. ముప్పై ఏళ్లదైతే రూ.1,817 మాత్రమే. ఇరవై ఏళ్ల లోన్ తీసుకున్న మనిషి అయిదేళ్లు తప్పకుండా కట్టి, మొత్తం రూ.15.62 లక్షలు ఇచ్చిన తర్వాత చూసుకుంటే అసలులో తగ్గింది మూడున్నర లక్షలే. ఇంకా 26.44 లక్షలు బాకీ ఉంటుంది. సగం అసలు తీరడానికే దాదాపు పద్నాలుగేళ్లు పడుతుంది. బ్యాంకు మోసమేమీ లేదు, లెక్క అంతే. కానీ ఈ సంగతి తెలియక అయిదో ఏట స్టేట్‌మెంట్ తీసి చూసి గుండె జారిపోయేవాళ్లు చాలామంది.

అట్లని అందరినీ పదిహేనేళ్లకే తీసుకొమ్మని నేను చెప్పను. నెలకు అరవై వేలు జీతం వచ్చే ఇంట్లో ముప్పై వేల కిస్తీ అంటే సగం. ఆస్పత్రి ఖర్చు వచ్చినా, పిల్లల కాలేజీ ఫీజు వచ్చినా ఆ ఇల్లు ఊపిరాడక పోతుంది. ఆ టెన్షన్‌లో రెండు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చి 71 పైసల లోన్ కిస్తీ కట్టిన కుటుంబాలు మన దగ్గర ఉన్నాయి. వడ్డీ మిగుల్చుకోవాలని చిన్న కాలం పెట్టుకుంటే చివరికి జరిగేది ఇదైతే ఏం లాభం?

అందుకే నా దృష్టిలో ఎక్కువమందికి మేలైన దారి, కాగితం మీద ఇరవై ఏళ్లు రాయించుకుని పదిహేనేళ్ల కిస్తీ కట్టడం. అంటే రూ.26,035 కట్టాల్సిన చోట ప్రతి నెలా ఇంకో మూడున్నర వేలు అసలుకు జమ చేయడం. రేటు అదే ఉంటే లోన్ పదిహేనేళ్లకే తీరుతుంది, వడ్డీ కూడా పదిహేనేళ్ల లోన్ అంతే అవుతుంది. తేడా ఒక్కటే: కష్టం వచ్చిన నెల అదనపు డబ్బు ఆపేయొచ్చు, అడిగేవాళ్లు ఉండరు. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు (మధ్యలో మారుతూ ఉండే వడ్డీ) ఇంటి లోన్ మీద ముందుగా కట్టినందుకు జరిమానా వేయకూడదని రిజర్వ్ బ్యాంక్ నిబంధన ఉంది కాబట్టి, ఈ వెసులుబాటుకు మనం పైసా ఇవ్వనక్కర లేదు.

ఇందులో ఒక జాగ్రత్త ఉంది. అదనంగా కట్టిన డబ్బు అసలులో తగ్గాలి, వచ్చే నెల కిస్తీకి అడ్వాన్స్‌గా పడి ఉండకూడదు. "పార్ట్ పేమెంట్, కాలం తగ్గించండి" అని రాసి ఇవ్వాలి, తర్వాత స్టేట్‌మెంట్‌లో చూసుకోవాలి. కాలం తగ్గించడమా, కిస్తీ తగ్గించడమా అన్న ప్రశ్న చిన్నది కాదు. రెండేళ్లు కట్టాక ఏకమొత్తంగా రెండు లక్షలు కట్టారనుకోండి. కిస్తీ అట్లే ఉంచి కాలం తగ్గించుకుంటే రెండున్నరేళ్ల పైన ముందే తీరుతుంది, వడ్డీ సుమారు 6.2 లక్షలు మిగులుతుంది. అదే రెండు లక్షలకు కాలం ఉంచి కిస్తీ తగ్గించుకుంటే నెలకు రూ.1,800 తగ్గుతుంది, మిగిలేది 1.9 లక్షలే. ఇక అదే డబ్బు పన్నెండేళ్ల తర్వాత కడితే, కాలం తగ్గించుకున్నా మిగిలేది 1.75 లక్షలు. ముందు కట్టే డబ్బుకే బలం ఎక్కువ. "పిల్లలు పెద్దయ్యాక ఒకేసారి కట్టేద్దాం" అనుకునేవాళ్లు ఈ లెక్క ఒకసారి చూడాలి.

మన ప్రాంతంలో డబ్బు ఏడాదంతా సమానంగా రాదు, ఇది మనకు కలిసొచ్చే విషయం కూడా. భూపాలపల్లి సింగరేణి కార్మికుడికి దసరా ముందు లాభాల వాటా, దీపావళికి బోనస్ వస్తాయి. ఊళ్లో మిర్చి పొలం ఉన్న ఉద్యోగికి ఎండాకాలం మొదట్లో ఎనుమాముల మార్కెట్ నుంచి నాలుగు డబ్బులు అందుతాయి. చిట్టీ ఎత్తినవాళ్లకు ఒక్కసారిగా చేతికొస్తుంది. ఇందులో మూడో వంతైనా మొదటి అయిదారేళ్లు లోన్‌కు మళ్లిస్తే నెల జీతం మీద బరువు పడకుండానే ఏళ్లు కరిగిపోతాయి. లోన్ కట్టడానికి పనిగట్టుకుని కొత్త చిట్టీ వేయడం మాత్రం నేను ఒప్పుకోను. వరంగల్‌లో చిట్టీ డబ్బు కోసం ఏళ్లకేళ్లు తిరిగినవాళ్ల బాధ మనకు తెలియంది కాదు. అదే వాయిదా నేరుగా లోన్ ఖాతాలో వేస్తే 8.5 శాతం మిగలడం ఖాయం. బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ కూడా సాధారణంగా అంతకు తక్కువే ఇస్తుంది, పైగా ఆ వడ్డీ మన ఆదాయంలో కలిసి పన్ను లెక్కకు వస్తుంది. ఆరు నెలల కిస్తీలకు సరిపడా డబ్బు పక్కన ఉంచుకుని మిగిలింది లోన్‌కు వేయడం మంచిది.

రేటు సంగతి. రెండు బ్యాంకుల మధ్య పావు శాతం తేడా కోసం నక్కలగుట్ట నుంచి కాజీపేట దాకా తిరుగుతాం. తిరగాల్సిందే, ఇరవై ఏళ్లలో అది 1.13 లక్షలు. కానీ అంత తిరిగినవాళ్లు కాలం దగ్గర అయిదేళ్లు ఎక్కువ రాయించుకుంటే తొమ్మిది లక్షలు పోతాయి. ఆదాయ పత్రాలు లేక, బ్యాంకు కాదంటే హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీకి పోయేవాళ్ల కథ వేరు. అక్కడ 11 శాతం పడితే అదే 30 లక్షలకు ఇరవై ఏళ్ల కిస్తీ రూ.30,966, మొత్తం వడ్డీ 44 లక్షలు దాటుతుంది. అంటే బ్యాంకు కంటే దాదాపు 12 లక్షలు ఎక్కువ. కిరాణా కొట్టు, టైలర్ షాపు నడిపేవాళ్లు రెండు మూడేళ్లు ఐటీ రిటర్నులు వేసుకుని, ఆ తర్వాత బ్యాంకుకు పోతే ఆ ఆగినందుకు వచ్చే ఫలితం ఇది. ఇప్పటికే తీసుకున్నవాళ్లు కూడా రిటర్నులు కుదిరాక బ్యాంకుకు మార్చుకోవచ్చు.

రేటు ఒకసారి కుదిరాక అట్లే ఉండదు. 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకుల కొత్త ఫ్లోటింగ్ ఇంటి లోన్లు బయటి రేటుకు, ఎక్కువగా రెపోకు (రిజర్వ్ బ్యాంక్ బ్యాంకులకు అప్పిచ్చే రేటుకు), ముడిపడి ఉన్నాయి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రెపో 4 శాతం నుంచి 6.5 శాతానికి ఎక్కింది. 2021లో 6.75 శాతానికి 30 లక్షలు ఇరవై ఏళ్లకు తీసుకున్నవాళ్ల కిస్తీ రూ.22,811. రేటు రెండున్నర శాతం పెరిగి 9.25 అయితే 30 లక్షల మీద నెల వడ్డీయే రూ.23,125. అప్పటికి అసలు కొంచెం తగ్గి ఉన్నా, ఆ పాత కిస్తీ దాదాపు అంతా వడ్డీకే పోతుంది. చాలా చోట్ల కిస్తీ ముట్టుకోకుండా కాలాన్ని పొడిగించారు, కట్టేవాళ్లకు తెలియనే లేదు. అందుకే 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంక్ కలగజేసుకుంది: రేటు మారినప్పుడు కిస్తీ పెంచుకోవాలా, కాలం పెంచుకోవాలా, రెండూ కొంత కొంతా అన్నది లోన్ తీసుకున్నవాళ్లే ఎంచుకునే అవకాశం ఇవ్వాలి, మూడు నెలలకోసారి లెక్క చూపించాలి. 2025లో రెపో తగ్గింది. తగ్గినప్పుడు కిస్తీ తగ్గించుకోకుండా పాత కిస్తీయే కడుతూ పోవడం నాకు తెలిసిన అతి సులువైన ముందస్తు చెల్లింపు. ఇంట్లో ఎవరికీ కొత్త భారం అనిపించదు.

పన్ను మినహాయింపు కోసం లోన్ ఉంచుకొమ్మనే సలహా పాతబడింది. సొంతంగా ఉండే ఇంటి వడ్డీ మీద ఏడాదికి రెండు లక్షల మినహాయింపు పాత పన్ను విధానంలోనే ఉంది, కొత్త విధానంలో లేదు. కొత్త విధానంలో ఉన్నవాళ్లకు లోన్ తొందరగా తీర్చకపోవడానికి ఆ కారణం మిగల్లేదు.

లోన్‌తో పాటు అంటగట్టే బీమా గురించి ఒక మాట. లక్ష రూపాయల ప్రీమియం లోన్‌లో కలిపేస్తే ఇరవై ఏళ్లలో దానికి కట్టేది రూ.2.08 లక్షలు. ఇంటిపెద్ద పేరు మీద బీమా తప్పకుండా ఉండాలి, నేను వద్దనడం లేదు. కానీ అది లోన్ ఇచ్చిన చోటే కొనాలన్న నిబంధన లేదు. విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కట్టుకుంటే ఆ వడ్డీ తప్పుతుంది. సంతకం ముందు ఇచ్చే కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ 2024 అక్టోబర్ నుంచి తప్పనిసరి. ఫీజులన్నీ కలిపి నిజంగా రేటు ఎంత పడుతుందో అందులో ఉంటుంది. తెలుగులో చదివి వినిపించమని అడగడంలో నామోషీ లేదు.

నాకు అన్నింటికంటే భయం పుట్టించేది లోన్ పక్కన తెచ్చే చేబదులు. 40 లక్షల ఇంటికి పది లక్షలు మనం పెట్టుకోవాలి. రిజిస్ట్రేషన్ ఖర్చు మన దగ్గర 7.5 శాతం, అంటే ఇంకో మూడు లక్షలు, దానికి బ్యాంకు లోన్ ఇవ్వదు. ఆ మూడు లక్షలు తక్కువ పడి ప్రైవేటుగా రెండు రూపాయల వడ్డీకి తెస్తే నెలకు ఆరు వేలు వడ్డీకే పోతుంది. అయిదేళ్లలో 3.6 లక్షలు కట్టినా అసలు మూడు లక్షలు అట్లే నిలబడి ఉంటుంది. తప్పని పరిస్థితి అయితే ఇంట్లో బంగారం బ్యాంకులో పెట్టడం మేలు, అక్కడ వడ్డీ సాధారణంగా రూపాయికి అటూ ఇటూగా ఉంటుంది. ఇంకా మేలు ఏడాది ఆగడం, లేదా మడికొండ వైపో హసన్‌పర్తి వైపో కొంచెం చిన్న ఇల్లు చూసుకోవడం. చుట్టాల్లో మాట పడాల్సి వస్తుందని చాలామంది ఆగరు. ఆగితే తప్పు లేదని ఇంట్లో పెద్దవాళ్లే చెప్పాలి.

జీతం స్థిరంగా ఉండి కిస్తీ ఆదాయంలో మూడో వంతు దాటని ప్రభుత్వ, రైల్వే ఉద్యోగులకు నేరుగా పదిహేనేళ్లే మంచిది, ఎందుకంటే ఐచ్ఛికంగా కడదామనుకున్న అదనపు డబ్బు పండుగలకూ పబ్బాలకూ కరిగిపోయే ప్రమాదం ఉంది. ఆదాయం ఎగుడుదిగుడుగా ఉండేవాళ్లకు ఇరవై. ముప్పై ఏళ్లది ఎవరికి? వయసు ముప్పై లోపు ఉండి, జీతం ఏటా పెరుగుతుందన్న నమ్మకం ఉండి, పెరిగినప్పుడల్లా కిస్తీ పెంచుకునేవాళ్లకు మాత్రమే. ముప్పై అయిదేళ్ల వయసులో ముప్పై ఏళ్లకు తీసుకుంటే, రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులు రిటైరయ్యే 61 ఏళ్లకు ఇంకా 9.36 లక్షల బాకీ ఉంటుంది. గ్రాట్యుటీలో నుంచి అది తీసి కట్టాలి, లేదా పెన్షన్‌లో నుంచి నెల నెలా.

ఎప్పుడు తీర్చినా, తీరిన రోజున పని అయిపోయిందనుకుని ఊరుకోవద్దు. ఇంటి అసలు కాగితాలు 30 రోజుల్లో తిరిగి ఇవ్వాలి. వాళ్ల వల్ల ఆలస్యమైతే రోజుకు రూ.5,000 చొప్పున పరిహారం కట్టాలని 2023లో రిజర్వ్ బ్యాంక్ చెప్పింది. బాకీ లేదన్న పత్రం తీసుకుని, తాకట్టు రద్దు సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో నమోదైందో లేదో కొత్త ఈసీ (ఆస్తి మీద ఉన్న తాకట్లు, లావాదేవీలు చూపే పత్రం) తీయించి చూసుకోండి.