సరిహద్దు పంతులుగారికి శాసనసభ మేలా, శాసనమండలి మేలా?

ఒడిశాలోని పర్లాకిమిడి, బరంపురం పట్టణాల్లో గానీ, మహారాష్ట్రలోని సిరొంచలో గానీ చాలాకాలం పాఠాలు చెప్పిన ఒక తెలుగు ఉపాధ్యాయుడు చట్టసభకు వెళ్లదలిస్తే, ఆయన ముందున్న దారులు రెండుచోట్లా ఒకేలా ఉండవు. మహారాష్ట్రలో శాసనసభతో పాటు 78 మంది సభ్యుల శాసనమండలి ఉంది. అందులో 7 స్థానాలు ఉపాధ్యాయ నియోజకవర్గాలవి. ఒడిశాలో 147 స్థానాల శాసనసభ ఒక్కటే. ప్రభుత్వ ఉద్యోగంలో ఉన్నవారు ఏ సభకు పోటీ చేయాలన్నా రాజీనామా ఇవ్వవలసిందే కనుక, ఆ త్యాగం ఏ సభలో ఎక్కువ ఫలిస్తుందో ముందే ఆలోచించుకోవడం మంచిది.

మండలికి ఉన్న అనుకూలతలు చిన్నవి కావు. సభ్యత్వం ఆరేళ్లు, సభ రద్దు కాదు, ఓటర్లందరూ బోధనలో ఉన్నవారే. గడ్చిరోలి జిల్లాలోని మూడు శాసనసభ స్థానాలూ షెడ్యూల్డు తెగలకు కేటాయించినవి కాబట్టి, సిరొంచలోని గిరిజనేతర ఉపాధ్యాయుడికి సొంత జిల్లా నుంచి శాసనసభకు పోటీ చేసే వీలు లేదు. ఆయనకు నాగపూర్ డివిజన్ ఉపాధ్యాయ స్థానమే దగ్గరి దారి. అలాంటి వారిని మండలి వద్దనుకోమనడం న్యాయం కాదు.

అయినా ఒక లోటు నన్ను ఎప్పుడూ కలవరపెడుతుంది. రాజ్యాంగం 171వ అధికరణం ప్రకారం ఈ స్థానాలకు ఓటు వేయగలిగేది మాధ్యమిక పాఠశాల స్థాయికి తగ్గని విద్యాసంస్థల్లో కనీసం మూడేళ్లు బోధించినవారే. ప్రాథమిక పాఠశాల ఉపాధ్యాయుడికి ఆ ఓటు లేదు. కాగా భాషా అల్పసంఖ్యాకుల పిల్లలకు మాతృభాషలో బోధన అందించాలని చెప్పే 350ఎ అధికరణం మాట్లాడేది ప్రాథమిక దశ గురించే. సరిహద్దులో తెలుగు నిలిచేదీ, జారిపోయేదీ ఒకటో తరగతి నుంచి అయిదో తరగతి లోపలే. ఆ తరగతుల పంతులుకు ఓటే లేని స్థానం నుంచి గెలిచినవారు ఎంత సత్పురుషులైనా, ఆ తరగతుల కష్టానికి ఓటు ద్వారా జవాబుదారీ కారు. పైగా ద్రవ్య బిల్లును మండలి పద్నాలుగు రోజులకు మించి ఆపలేదు; తెలుగు పోస్టులకు డబ్బు కేటాయించాలా వద్దా అన్నది చివరకు శాసనసభలోనే తేలుతుంది.

శాసనసభ దారి కష్టమైనది. పార్టీ టికెట్టు, ఖర్చు, అయిదేళ్లకో పరీక్ష తప్పవు. కానీ అక్కడ ఓటు వేసేది ఆ పిల్లల తల్లిదండ్రులే. సోలాపూర్‌లో జనం ఆడం మాస్టర్ అని పిలుచుకునే నర్సయ్య ఆడం గారు మూడుసార్లు శాసనసభ్యులయ్యారు. బీడీ కార్మిక స్త్రీల కోసం ఆయన నడిపిన ఉద్యమం కుంభారి దగ్గర 10,000 ఇళ్లుగా నిలబడింది. ఆ పనికి సంఘబలమే ఆధారమైనా, శ్రామికుల ఓటుతో సభలో కూర్చున్న మనిషి మాటకు వేరే బరువు ఉంటుంది. సభ అధికార భాషలోనో, హిందీలోనో, ఇంగ్లీషులోనో తన మనసులోని మాట సరిగా చెప్పలేని సభ్యుణ్ణి మాతృభాషలో మాట్లాడనిచ్చే అధికారం సభాపతికి 210వ అధికరణం ఇచ్చింది.

ఏ సభకూ వెళ్లకుండా బడిలోనే ఉండి పనిచేయడం మేలని కొందరు పెద్దలంటారు. పర్లాకిమిడి రాజావారి బడిలో పనిచేసిన గిడుగు రామమూర్తి పంతులుగారు సవర భాష నేర్చి, అందులో పుస్తకాలు రాసి, సవర పిల్లలకు బడులు పెట్టించారు. ఆ కృషి ముందు తల వంచాలి. కానీ నేడు తెలుగు పంతులు పదవీ విరమణ చేస్తే ఆ ఖాళీని నింపే ఉత్తర్వు రాజధాని నుంచే రావాలి; దాన్ని బడిలో కూర్చుని తెప్పించలేము.

ఒడిశాలో కూడా మండలి వస్తే చూద్దామనేవారికి ఒక లెక్క. 49 మంది సభ్యులతో మండలి కావాలని 2018లో ఆ శాసనసభ తీర్మానించింది. దానికి పార్లమెంటు చట్టం చేయాలి. చేసినా మండలి స్థానాల్లో ఉపాధ్యాయులకు దక్కేది పన్నెండో వంతే; అంటే మొత్తం రాష్ట్రానికి ఉపాధ్యాయ స్థానాలు నాలుగే. అంత విశాలమైన నియోజకవర్గంలో గంజాం, గజపతి, రాయగడ జిల్లాల తెలుగు ఉపాధ్యాయుల ఓట్లు ఎవరినీ గెలిపించలేవు. పర్లాకిమిడి శాసనసభ స్థానంలో మాత్రం తెలుగు ఇళ్ల మాట వినకుండా ఏ అభ్యర్థీ తిరగలేడు. అందుకే ఒడిశా వైపు పంతులుగారికి నేను శాసనసభనే సూచిస్తాను.