ఒంటిచేత్తో సినిమా తీసేవారికి జూమ్ ఎఫ్3 రికార్డర్

రచన, దర్శకత్వం, కెమెరా, ఎడిటింగ్ అన్నీ ఒక్కరే చూసుకునే స్వతంత్ర చిత్రాల్లో ముందుగా దెబ్బతినేది శబ్దమే. ఫోకస్ మీదా నటుల మీదా దృష్టి పెట్టిన మనిషి అదే సమయంలో రికార్డర్ మీటర్‌ను కూడా గమనిస్తూ ఉండటం జరగని పని. నా రెండో లఘుచిత్రంలో తల్లి కొడుకును కేకవేసి పిలిచే సన్నివేశాన్ని నటి ప్రాణం పెట్టి చేసింది. అంతకు ముందు గుసగుసల కోసం పెంచిన గెయిన్‌ను, అంటే మైక్ శబ్దాన్ని రికార్డర్ ఎంత పెంచి తీసుకోవాలో చెప్పే స్థాయిని, తగ్గించడం నేను మరచిపోవడంతో ఆ కేక పగిలిపోయింది. డబ్బింగ్‌లో ఎన్నిసార్లు ప్రయత్నించినా ఆ గొంతు మళ్లీ రాలేదు.

2022లో వచ్చిన ఈ చిన్న జూమ్ ఎఫ్3 రికార్డర్‌ను నేను కొన్నది ఆ బాధతోనే. దీనికి గెయిన్ నాబ్ అన్నదే లేదు. చిన్న శబ్దాలకూ పెద్ద శబ్దాలకూ విడివిడిగా, శబ్దాన్ని డిజిటల్ అంకెలుగా మార్చే కన్వర్టర్లు పనిచేస్తాయి, వచ్చినదంతా చాలా చిన్న, చాలా పెద్ద శబ్దాలు రెండూ పట్టే 32 బిట్ ఫ్లోట్ ఫైల్‌గా నమోదవుతుంది. ఆ ఫైల్‌ను టైమ్‌లైన్ మీద పెట్టినప్పుడు కేక ఉన్నచోట తరంగం కొనలు కోసేసినట్టు చదునుగా కనిపించినా కంగారు పడనక్కరలేదు, ఎందుకంటే వాల్యూమ్ తగ్గించగానే పోయాయనుకున్న కొనలన్నీ బయటపడతాయి. మొదటిసారి ఇది చూసిన రాత్రి ఆ రెండు సెకన్ల ముక్కనే పదేపదే విన్నాను.

అయితే మైక్ దూరంగా ఉంటే వచ్చే గది ప్రతిధ్వనినీ, కాలర్ మైక్‌కు బట్ట రాసుకునే చప్పుడునూ ఏ ఫార్మాటూ తీసేయలేదు. మైక్ తట్టుకోలేనంత శబ్దం వస్తే మాట మైక్‌లోనే పగులుతుంది. కాబట్టి హెడ్‌ఫోన్స్ తప్పనిసరి.

మైక్‌లు తగిలించే ఎక్స్‌ఎల్‌ఆర్ ఇన్‌పుట్లు రెండే ఉన్నాయి, ముగ్గురు మాట్లాడుకునే సన్నివేశానికి పొడవాటి కర్రకు అమర్చి పట్టుకునే బూమ్ మైక్ మీద ఆధారపడాలి. రెండు ఏఏ బ్యాటరీలతో నడుస్తుంది గానీ, రికార్డర్ నుంచే వైరు ద్వారా అందే 48 వోల్టుల ఫాంటమ్ పవర్ వాడే మైక్ తగిలించినప్పుడు అవి త్వరగా అయిపోతాయి కనుక, నేను యూఎస్‌బీ-సీ ద్వారా పవర్ బ్యాంక్ కలుపుతున్నాను. శబ్దాన్ని బయటికి పంపే లైన్ అవుట్ నుంచి కెమెరాకు ఒక వైరు ఇస్తే ఎడిటింగ్‌లో సింక్ చేయడం తేలికవుతుంది.

మొన్నటి షూటింగ్‌లో, రిహార్సల్ అంతా మెల్లగా మాట్లాడిన నటుడు టేక్‌లో ఉన్నట్టుండి అరిచారు. నేను రికార్డర్ వైపు తిరగలేదు, ఆయన ముఖాన్నే చూస్తూ ఉండిపోయాను.