ఎఫ్‌ఐఆర్ కోసం మేజిస్ట్రేట్ కోర్టుకి వెళ్లాం: ఐదుకి మూడున్నర మార్కులు

మా అమ్మ పేరు మీదున్న ఇళ్ల స్థలానికి ఒకాయన దొంగ అగ్రిమెంటు పుట్టించాడు. అందులో అమ్మ సంతకం ఇంగ్లీషులో ఉంది. అమ్మకి ఇంగ్లీషు అక్షరాలే రావు, బ్యాంకులో అయినా రిజిస్ట్రేషన్ ఆఫీసులో అయినా తెలుగులోనే పెడుతుంది. ఇంత తేటగా ఉన్నా స్టేషన్‌కి నాలుగుసార్లు తిరిగితే నాలుగుసార్లూ "సివిల్ మేటరమ్మా, కోర్టులో చూసుకోండి" అనే చెప్పారు. ఫిర్యాదుకి రసీదు కూడా ఇవ్వలేదు.

స్థలం ఎవరిదో తేల్చేది సివిల్ కోర్టే, కాదనను. కానీ మోసం చేయడానికి దొంగ సంతకం పెట్టడం కాగ్నిజబుల్ నేరం, అంటే కోర్టు అనుమతి లేకుండానే పోలీసులు దర్యాప్తు చేయగల నేరం, దావా నడుస్తున్నా ఈ కేసు నడవొచ్చు. ఫిర్యాదులో అలాంటి నేరం కనిపిస్తే ఎఫ్‌ఐఆర్ కట్టాల్సిందేనని లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు 2013లోనే చెప్పింది. ఈ ముక్క మాకు ముందే తెలిసుంటే అన్నిసార్లు తిరిగేవాళ్లం కాదు.

మొదట పెట్టుకున్న లాయరు గారు నేరుగా మేజిస్ట్రేట్ కోర్టులో పిటిషన్ వేశారు, అది రిటర్న్ అయింది. కారణం చిన్నదే, ఎస్పీకి ఫిర్యాదు పంపిన ఆధారం లేదు, అఫిడవిట్, అంటే రాసింది నిజమని ప్రమాణం చేసి ఇచ్చే పత్రం, కూడా లేదు. ప్రియాంకా శ్రీవాస్తవ కేసులో 2015లో సుప్రీంకోర్టు ఈ రెండూ ఉండాలని చెప్పింది, ఇప్పుడు కొత్త చట్టంలో, అంటే 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో, అదే రాసేశారు. దర్యాప్తు చేయమని మేజిస్ట్రేట్ పోలీసులకి చెప్పే సెక్షన్, పాత చట్టంలో (సీఆర్‌పీసీ) 156(3), ఇప్పుడు 175(3) అయింది. లాయర్లు చాలామంది ఇంకా పాత నంబరే అంటారు, కంగారు పడకండి. మాకు మాత్రం రెండు నెలలు పోయాయి, ఆ రెండు నెలలూ అమ్మకి సరిగా నిద్ర లేదు.

రెండో లాయరు మేడమ్ పని పద్ధతి గురించి చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను. ఫీజు మాట్లాడకముందే మా కాగితాలన్నీ టేబుల్ మీద పరిచి, తేదీల వారీగా పేర్చి, ఏది లేదో చెప్పారు. స్టేషన్‌కి ఇచ్చిన ఫిర్యాదునే మళ్లీ రిజిస్టర్డ్ పోస్టులో, అక్నాలెడ్జ్‌మెంట్‌తో పంపించారు, అదే ఎస్పీ ఆఫీసుకీ పంపించి మూడు వారాలు ఆగమన్నారు. జవాబు రాలేదు. అప్పుడు పోస్టల్ రసీదులు, అమ్మ పాత సంతకాలున్న పాస్‌బుక్కు, సేల్ డీడ్ జిరాక్సులు జతచేసి అఫిడవిట్‌తో పిటిషన్ వేశారు. అఫిడవిట్‌లో ప్రతి వాక్యం అమ్మకి చదివి వినిపించి, తెలియని విషయం ఒక్కటున్నా తీసేద్దాం, అబద్ధం రాస్తే ఆ కేసు మన మీదకే వస్తుంది అన్నారు. అలా చెప్పే లాయరు దొరకడం మా అదృష్టం.

కోర్టు వెంటనే ఆర్డర్ ఇవ్వలేదు. కొత్త చట్టం ప్రకారం పోలీసులు ఏం చెబుతారో కూడా చూడాలి, దానికి మూడు వాయిదాలు పట్టాయి. చివరికి దర్యాప్తు చేయమని ఆర్డర్ వచ్చింది, ఎఫ్‌ఐఆర్ కట్టారు, కాపీ ఉచితంగా ఇచ్చారు. అమ్మ ఆ కాగితాన్ని బీరువాలో పట్టుచీరల కింద దాచుకుంది.

ఐదు మార్కుల్లో ఒకటిన్నర ఎందుకు తగ్గించానంటే, దర్యాప్తు చేసేది మళ్లీ అదే స్టేషన్. ఎఫ్‌ఐఆర్ వచ్చిందంటే అరెస్టు అయిపోతుందని, ఛార్జిషీటు పడిపోతుందని అనుకోవద్దు. కేసు మూసేయాలని రిపోర్టు పెడితే మాత్రం మేజిస్ట్రేట్ మనకి నోటీసు ఇవ్వాలి, దాని మీద ప్రొటెస్ట్ పిటిషన్, అంటే కేసు మూసేయొద్దని అభ్యంతరం, వేసుకోవచ్చు. మేడమ్ ఇది ఇప్పుడే చెప్పి ఉంచారు, అందుకే నెలకోసారి స్టేషన్‌కి వెళ్లి కేసు ఎంతవరకు వచ్చిందో అడిగి, ఆ తేదీ డైరీలో రాసుకుంటున్నాం.

ఫీజు కట్టలేనివాళ్లు ఆగిపోకండి. జిల్లా కోర్టు దగ్గరే న్యాయ సేవాధికార సంస్థ ఉంటుంది, ఆడవాళ్లకి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు. మాకు ఈ సంగతి ఆర్డర్ వచ్చాక తెలిసింది. వెళ్లేటప్పుడు పోస్టల్ రసీదుల ఒరిజినల్స్ దగ్గర పెట్టుకుని జిరాక్సులే ఇవ్వండి.