రాజుగారి తల తెగిన దారిలో

నాన్న బందరులో ముప్పై ఏళ్ళు డిగ్రీ పిల్లలకి ఇంగ్లండు చరిత్ర చెప్పారు. నల్లబల్ల మీద ఇంగ్లండు పటం గీసి, మధ్యలో సుద్దతో ఒక చుక్క పెట్టి, "ఇదీ నేస్‌బీ. రాజు మునిగింది ఇక్కడే" అనేవారట. ఆ చుక్కని కళ్ళారా చూసింది మాత్రం రిటైరైన తొమ్మిదేళ్ళకి, మొన్న మే నెలలో. నేను రెడింగ్‌లో ఉంటున్నాను కాబట్టి అది కుదిరింది. లండన్ ఐ జెయింట్ వీల్ ఎక్కుదామంటే "అవన్నీ పిల్లలకమ్మా" అని తీసిపారేశారు. ఇంగ్లండు రాజు మొదటి చార్లెస్‌కీ పార్లమెంటుకీ 1642 లో మొదలైన యుద్ధం తాలూకు చోట్లు చూపించమన్నారు. సరే అని ఒక కారు అద్దెకి తీసుకున్నాను. ప్లాన్ మాత్రం అరవై తొమ్మిదేళ్ళ మోకాళ్ళని దృష్టిలో పెట్టుకుని వేశాను.

ఇలాంటి ట్రిప్ ఎవరైనా పెట్టుకుంటారేమోనని రాస్తున్నా. రెండే రోజులుంటే ఒకటి న్యూఆర్క్‌కి, ఒకటి బర్ఫర్డ్‌కి ఇవ్వండి. మిగతావి ఉన్నా సరే, లేకపోయినా సరే.

మొదటి రోజు పొద్దున్నే బయల్దేరి నేస్‌బీ. రెడింగ్ నుంచి రెండు గంటల లోపే. దారిలో నాన్న క్లాసు మొదలుపెట్టారు. చార్లెస్ 1629 నుంచి 11 ఏళ్ళు పార్లమెంటును పిలవకుండానే పాలించాడు. డబ్బు కావాలి కదా, సముద్రతీరపు ఊళ్ళు నౌకల కోసం కట్టే పన్నుని లోపలి జిల్లాలకి కూడా వేశాడు. స్కాట్లండు చర్చీల మీద కొత్త ప్రార్థన పుస్తకం రుద్దబోయి అక్కడ తిరుగుబాటు తెచ్చుకున్నాడు. ఆ యుద్ధానికి ఖజానా చాలక 1640 లో మళ్ళీ పార్లమెంటు గుమ్మం తొక్కాడు. "అదే 1640 లో మద్రాసులో సెయింట్ జార్జి కోట లేస్తోంది చూడు," అన్నారు నాన్న. "మన బందరులో ఈస్టిండియా కంపెనీ వాళ్ళ ఫ్యాక్టరీ, అంటే వర్తక స్థావరం, అంతకు ముందే, 1611 లో. ఇక్కడ ఇల్లు తగలబడుతుంటే అక్కడ పునాదులు తవ్వుకుంటున్నారు."

నేస్‌బీలో చూడ్డానికి ఏముంది అంటే, నిజం చెప్పాలంటే ఏమీ లేదు. పచ్చటి పొలాలు, కంచె మొక్కలు, గొర్రెలు. సిబ్బర్‌టాఫ్ట్ వైపు వెళ్ళే రోడ్డు పక్కన 1936 లో కట్టిన ఒక స్మారకం, దాని దగ్గర యుద్ధం ఎలా జరిగిందో చెప్పే బోర్డు ఉన్నాయి. ఊరి వైపు ఇంకో రాతి స్తంభం ఉంది, అది 1823 నాటిది. అసలు పోరు జరిగిన చోటికి అది దూరమని తర్వాత తేలింది. యుద్ధభూమి దక్షిణపు చివర మీదుగా ఏ14 హైవే వేసేశారు కాబట్టి గాలి అటునుంచి వీస్తే లారీల చప్పుడే. మేం ఆగిన చోట టాయిలెట్ లేదు, టీ కొట్టు లేదు. బస్సుని నమ్ముకుని వచ్చే చోటు కాదు.

కానీ నాన్న బోర్డు ముందు నిలబడి చేతికర్రతో చూపిస్తుంటే ఆ పొలం నిండిపోయింది. 1645 జూన్ 14. అదిగో ఆ గట్టు మీద రాజు సైన్యం, ఇటువైపు ఫెయిర్‌ఫాక్స్ నడిపిన పార్లమెంటు కొత్త సైన్యం. రాజు మేనల్లుడు రూపర్ట్ గుర్రపుదండుతో ఎదుటివాళ్ళని చీల్చుకుంటూ పోయి, ఆ ఊపులో వెనకున్న సామాన్ల బండ్ల దాకా వెళ్ళిపోయాడు. తిరిగొచ్చేసరికి ఇక్కడ కథ అయిపోయింది. పార్లమెంటు గుర్రపుదండు నాయకుడు క్రామ్‌వెల్ కూడా ఎదుటి గుర్రపుదండుని తరిమాడు, కాని తన మనుషుల్ని ఆపి, వెనక్కి తిప్పి, రాజు కాల్బలం మీద పడ్డాడు. "తేడా అంతా ఆ ఆపడంలోనే ఉందమ్మా," అన్నారు. గెలిచాక పార్లమెంటు సైనికులు రాజు శిబిరంలోని వందమందికి పైగా ఆడవాళ్ళని చంపేశారు, ఇంకొందరి ముఖాలు కోశారు. అది చెప్పేటప్పుడు మాత్రం ఆయన కర్ర దించేశారు. క్లాసులో ఈ భాగం ఎప్పుడూ చెప్పలేదట. కథ చెప్పేవాళ్ళు పక్కన ఉంటేనే నేస్‌బీ వెళ్ళండి. లేకపోతే గొర్రెల్ని చూసి వస్తారు.

న్యూఆర్క్ అంటే మనవాళ్ళకి న్యూజెర్సీ ఎయిర్‌పోర్టే గుర్తొస్తుంది. ఇది ట్రెంట్ నది ఒడ్డున ఉన్న న్యూఆర్క్. కారు లేకపోయినా ఇబ్బంది లేదు, లండన్ కింగ్స్ క్రాస్ నుంచి గంటన్నర లోపు దింపే రైళ్ళున్నాయి. ఊళ్ళో రెండు స్టేషన్లు ఉంటాయి: లండన్ రైళ్ళు ఆగేది నార్త్‌గేట్‌లో, నాటింగ్‌హామ్ నుంచి వచ్చేవాళ్ళకి నది పక్కనున్న కాజిల్ స్టేషన్. టికెట్ కొనేటప్పుడు చూసుకోండి.

బస విషయంలో దెబ్బ తిన్నాం. పాత భవనంలో ఉన్న గెస్ట్‌హౌస్, టిఫినుతో కలిపి రాత్రికి 95 పౌండ్లు. కింది అంతస్తు గది కావాలని బుకింగ్‌లో రాసి, ఫోన్ చేసి మళ్ళీ చెప్పాను. తీరా వెళ్తే రెండో అంతస్తు గది ఇచ్చారు. మెట్లు ఎలా ఉన్నాయంటే మా తాతగారింట్లో అటకెక్కే నిచ్చెన నయం. నాన్న ఏమీ అనలేదు, అనకపోవడమే నాకు టెన్షన్. మర్నాడు ఇంటావిడే నొచ్చుకుని గది మార్చింది. టిఫిన్లో శాకాహారికి పుట్టగొడుగులు, బీన్స్, రొట్టె పెట్టారు, పక్క పెనం మీంచి బేకన్ వాసన. నాన్న రెండో రోజు నుంచి నేను తెచ్చిన పులిహోర మీదే బతికారు. పెద్దవాళ్ళతో వెళ్ళేవాళ్ళు పాత భవనం అనగానే మురిసిపోకుండా మెట్ల ఫొటో అడగండి.

ఊరు మాత్రం బంగారం. యుద్ధంలో ఇది చివరిదాకా రాజు వైపు నిలిచింది. మూడుసార్లు ముట్టడించారు. ఆఖరిది 1645 నవంబరు నుంచి 1646 మే దాకా. బయట స్కాట్లూ, పార్లమెంటు సైన్యమూ, లోపల ప్లేగు. ఆ సంగతంతా 2015 లో తెరిచిన నేషనల్ సివిల్ వార్ సెంటర్‌లో చూడొచ్చు. ఒకప్పటి బడి భవనం అది, ట్యూడర్ కాలం నాటిది. టికెట్ ఉంది, పెట్టిన డబ్బుకి పూర్తి న్యాయం. అక్కడి వాలంటీర్లలో ఒక పెద్దాయన నాన్న చరిత్ర లెక్చరరని తెలియగానే మాకే అతుక్కుపోయాడు. పదహారు అడుగుల బల్లెం పట్టుకుని వరసలో ఎలా నిలబడేవారో చెప్పాడు. వాళ్ళిద్దరూ రూపర్ట్ తప్పెంత, రాజు తప్పెంత అని అరగంట వాదించుకున్నారు. నేను బెంచీ మీద కూర్చుని కాఫీ తాగాను.

నన్ను పట్టుకున్నది ముట్టడి నాణేలు. ఊళ్ళోకి జీతాల డబ్బు రావడం ఆగిపోయింది. సైనికులకి జీతం ఇవ్వాలి. ఇళ్ళలోని వెండి పళ్ళేలూ గిన్నెలూ తెచ్చి, రేకుని పతంగి ఆకారంలో ముక్కలుగా కత్తిరించి, ముద్ర కొట్టారు. ఒకవైపు కిరీటం, దాని పక్కన రాజు పేరు పొడి అక్షరాలు, కింద విలువ. వెనక వైపు ముట్టడిలో ఉన్న న్యూఆర్క్ అని లాటిన్ పొట్టి రాత, సంవత్సరం. గుండ్రంగా కోస్తే అంచుల్లో వెండి వృథా అవుతుంది కదా, అందుకే ఆ ఆకారం. ఇలాంటి వాటిలో కొన్నిటి మీద పాత పళ్ళెం తాలూకు నగిషీ ఇంకా కనిపిస్తుందట. "పెళ్ళి పళ్ళెం అయ్యుంటుంది," అన్నారు నాన్న. అమ్మ వెండి కంచం కుదువ పెట్టి నా ఇంజినీరింగ్ ఫీజు కట్టిన సంగతి మా ఇద్దరికీ గుర్తొచ్చింది, పైకి ఎవరమూ అనలేదు.

ఊరి బయట పార్కులో క్వీన్స్ స్కాన్స్ అని మట్టికోట ఉంది, ఉచితం. నాలుగు మూలలా బాణం మొనల్లా పొడుచుకొచ్చిన గట్లు, చుట్టూ కందకం. దాని జంట కింగ్స్ స్కాన్స్ ఇప్పుడు లేదు. గట్ల మీద కుక్కల్ని తిప్పుకునేవాళ్ళు, పిల్లలు దొర్లుకుంటూ కిందికి జారడాలు. రాతికోటని మాత్రం నది అవతలి ఒడ్డు నుంచి చూడండి, అక్కణ్ణుంచే అందం. లొంగిపోయాక దాన్ని పనికిరాకుండా పడగొట్టారు, నది వైపు గోడ మిగిలింది. బజారు చౌకు దగ్గర హెర్క్యులిస్ క్లే అనే వర్తకుడి కథ చెబుతారు. ఇల్లు తగలబడుతున్నట్టు మూడుసార్లు కల వచ్చి, భార్యాబిడ్డల్ని తీసుకుని ఖాళీ చేశాడట. ఆ వెంటనే ఫిరంగి గుండు ఇంటి మీద పడింది. బతికిపోయినందుకు బీదలకి రొట్టెలు పంచమని డబ్బు రాసిచ్చాడు.

అక్కణ్ణుంచి ఇరవై నిమిషాల్లో సౌత్‌వెల్. జుట్టు కత్తిరించుకుని, నౌకరు వేషంలో ఆక్స్‌ఫర్డ్ దాటిన చార్లెస్ 1646 మే 5 న అక్కడి సారసెన్స్ హెడ్ సత్రంలో స్కాట్‌లకి లొంగిపోయాడు. వాళ్ళు ఆయన చేత న్యూఆర్క్‌ని కూడా లొంగిపొమ్మని ఉత్తర్వు రాయించుకున్నారు. ఆర్నెల్లు ప్లేగులో కాపాడిన ఊరిని ఒక్క సంతకంతో వదిలేశాడు. తర్వాతి జనవరిలో స్కాట్‌లు తమ బకాయిల డబ్బు మొదటి వాయిదా పుచ్చుకుని ఆయన్ని పార్లమెంటుకి అప్పజెప్పారు. ఊరు చిన్నది, చర్చి పెద్దది, గంటన్నర చాలు.

మూడో రోజు బర్ఫర్డ్. కాట్స్‌వోల్డ్స్ ఊళ్ళకి బస్సులేసుకుని వచ్చేవాళ్ళు హైస్ట్రీట్‌లో ఫొటోలు దిగి వెళ్ళిపోతారు. మీరు వాలు దిగి చర్చిలోకి వెళ్ళండి. రాజు తల తీసేశాక 1649 మే నెలలో గెలిచిన సైన్యంలోనే తిరుగుబాటు వచ్చింది. లెవెలర్లు అనేవారు వాళ్ళని. మామూలు జనానికి ఓటు ఉండాలి, మత స్వేచ్ఛ ఉండాలి, మా బాకీ జీతాలు ఇవ్వాలి, ఐర్లండ్ యుద్ధానికి మేం పోం, ఇవీ వాళ్ళ మాటలు. క్రామ్‌వెల్ రాత్రిపూట వచ్చి మీదపడి, సుమారు 340 మందిని ఈ చర్చిలో బంధించాడు. మే 17 న ముగ్గుర్ని బయట గోడ దగ్గర కాల్చి, మిగతావాళ్ళని చర్చి కప్పు మీంచి చూడమన్నారు.

లోపల పిల్లలకి బాప్తిస్మం ఇచ్చే తొట్టి ఉంది, అంచుకి సీసపు రేకు. దాని మీద ఒకడు కత్తిమొనతో గీశాడు: ఆంథొనీ సెడ్లీ, 1649, ఖైదీ. ఖైదీ అనే ఇంగ్లీషు మాటలో 'ఓ' ఎగిరిపోయింది. అక్షరాలు ఒకటి పెద్దది, ఒకటి చిన్నది. నాన్న కళ్ళజోడు తుడుచుకుని వంగి చాలాసేపు చూశారు. "బందరు డచ్చివాళ్ళ సమాధుల మీద ఎంత నగిషీ ఉంటుందమ్మా! ఎవరి పేరైనా గుర్తుందా నీకు?" అన్నారు. లేదు. ఈ పేరు మాత్రం నాకు నోటికొచ్చేసింది.

అదే చర్చిలో లెంథాల్ అనే స్పీకర్ సమాధి కూడా ఉంది. 1642 జనవరి 4 న రాజు సైనికులతో కామన్స్ సభలోకి జొరబడి ఐదుగురు సభ్యులెక్కడని అడిగితే, ఈ సభ చెబితే తప్ప నాకు చూడ్డానికి కళ్ళూ లేవు, మాట్లాడ్డానికి నాలుకా లేదు అన్నవాడు ఈయనే. ఆ తర్వాత కామన్స్ సభ జరుగుతుండగా ఏ రాజూ అందులో అడుగుపెట్టలేదు. చివర్లో మాత్రం తన సమాధి మీద 'నేనొక పురుగును' అన్న లాటిన్ మాటలు చాలన్నాడట. చర్చికి టికెట్ లేదు, పెట్టెలో తోచింది వెయ్యండి.

ఆ రాత్రి ఆక్స్‌ఫర్డ్ రింగ్ రోడ్డు పక్కన ఒక మామూలు చైన్ హోటల్లో పడుకున్నాం. ముఖం లేని హోటల్. కాని లిఫ్ట్ ఉంది, వేణ్ణీళ్ళ కెటిల్ ఉంది, ఎదురుగా సూపర్‌మార్కెట్లో పెరుగు దొరికింది. నాన్న దీనికే ఎక్కువ మార్కులిచ్చారు.

ఆక్స్‌ఫర్డ్ గురించి క్లుప్తంగా చెప్తా. 1642 నుంచి 1646 దాకా రాజుకి రాజధాని అదే. ఆయన క్రైస్ట్ చర్చ్ కాలేజీలో, రాణి మెర్టన్‌లో ఉన్నారు. కాలేజీల వెండి కూడా కరిగించి నాణేలు కొట్టారు. క్రైస్ట్ చర్చ్ టికెట్ ఖరీదు ఎక్కువ, లోపల జనం వచ్చేది భోజనశాలకున్న సినిమా పేరు చూసి. రాజు 1644 లో తన సొంత పార్లమెంటుని కూర్చోబెట్టింది ఆ హాల్లోనే అని నాన్న చెబుతుంటే వినేవాళ్ళెవరు, క్యూ తోసేస్తోంది. కారు పార్క్ అండ్ రైడ్‌లో పెట్టి బయట వీధుల్లో తిరిగి రండి, చాలు.

లండన్‌కి తర్వాతి ఆదివారం రైల్లో వెళ్ళాం. ట్రఫాల్గర్ స్క్వేర్ నుంచి వెస్ట్‌మినిస్టర్ దాకా కిలోమీటరు నడక, పైసా ఖర్చు లేదు. మొదట గుర్రం మీద చార్లెస్ విగ్రహం. కరిగించమని ఒక కంచరివాడికి అమ్మేస్తే వాడు దాచిపెట్టి, రాజులు తిరిగొచ్చాక బయటికి తీశాడు. కొంచెం ముందుకెళ్తే హార్స్ గార్డ్స్ గడియారం. రెండు అంకె దగ్గర నల్ల మచ్చ ఉంది, తల తెగిన వేళకి గుర్తంటారు. భవనం తర్వాతి కాలానిదే అయినా నాన్న ఆ మచ్చ కనిపించేదాకా కదల్లేదు.

ఎదురుగా బాంక్వెటింగ్ హౌస్. లోపల కప్పు మీద తన తండ్రిని దేవుడంతటివాడిగా రూబెన్స్‌తో గీయించుకున్న చార్లెస్, 1649 జనవరి 30 న ఆ బొమ్మల కింద నుంచే నడిచి బయట వేదిక మీదికొచ్చాడు. తెరిచే రోజులు తక్కువ, ముందే చూసుకుని వెళ్ళండి. మేం బయటి నుంచే చూశాం. పొద్దున్నే తెచ్చి మధ్యాహ్నం దాకా కూర్చోబెట్టారు, ఎందుకంటే ఆయన పోయిన వెంటనే ఇంకెవరినీ రాజుగా ప్రకటించకూడదని పార్లమెంటు అప్పటికప్పుడు చట్టం చేసుకోవాల్సొచ్చింది. చలికి వణికితే భయమనుకుంటారని ఆయన రెండు చొక్కాలు వేసుకున్నాడు. మే నెల ఎండలో రెండు స్వెట్టర్లు వేసుకున్న నాన్న ఇది చెబుతుంటే నవ్వొచ్చింది. "నాకు నిజంగానే చలేస్తోందమ్మా," అన్నారు.

చివర్న పార్లమెంటు ముందు క్రామ్‌వెల్, 1899 నాటి విగ్రహం. రోడ్డు అవతల సెయింట్ మార్గరెట్ చర్చి గోడలో చార్లెస్ తల శిల్పం, చిన్నది, తెలియకపోతే కనిపించదు. ఇద్దర్నీ ఒకే ఫొటోలో పట్టమన్నారు నాన్న. మూడుసార్లు ప్రయత్నించాను, ప్రతిసారీ మధ్యలో బస్సు.

అక్కడే వెస్ట్‌మినిస్టర్ స్టేషన్లో డిస్ట్రిక్ట్ లైన్ ఎక్కితే మారే పని లేకుండా మన హోటళ్ళుండే ఈస్ట్ హామ్. దోసె బాగుంది, కొబ్బరి చట్నీ కొంచెం నీళ్ళగా ఉంది. నాన్న రెండోది చెప్పారు.