ఆన్‌లైన్ రేడియోకి పాటలు: సొసైటీ లైసెన్సా, రాయల్టీ ఫ్రీనా, క్రియేటివ్ కామన్సా?

ఆన్‌లైన్ రేడియో పెడదామనుకునేవాళ్లు నన్ను అడిగేది ఎప్పుడూ ఒకటే: పాటలు ఎక్కడి నుంచి తెచ్చుకుంటే కేసుల టెన్షన్ ఉండదు? దాదాపు అందరూ ధరల పట్టిక ముందేసుకుని అడుగుతారు. నేను ఎదురు ప్రశ్న వేస్తాను: ప్రోగ్రాం అయిపోయాక ఆ రికార్డింగు నెట్‌లో ఉంచుతారా, తీసేస్తారా? ఏది మేలో తేలేది అక్కడే. "ముప్ఫై సెకన్లలోపు పర్వాలేదు" అన్నది ఉత్త పుకారని, "హక్కులన్నీ యజమానులవే" అని కింద రాసినంత మాత్రాన ఏమీ ఒరగదని తెలిసినవాళ్ల కోసమే ఈ పోలిక.

సొసైటీ అంటే పాటల హక్కుదారుల తరఫున ఫీజులు వసూలు చేసి వాళ్లకు పంచే సంస్థ. దాని లైసెన్సుకు మంచి చరిత్రే ఉంది. 1847లో పారిస్‌లోని ఒక కేఫ్‌లో పాటల రచయిత ఎర్నెస్ట్ బూర్జె, అతని మిత్రులు బిల్లు కట్టనన్నారు. మా పాటలు మీరు ఊరికే వాడుకుంటుంటే మీ పానీయాలకు మేమెందుకు కట్టాలన్నది వాళ్ల వాదన. గొడవ కోర్టుకెక్కింది, వాళ్లే గెలిచారు. 1851లో సాసెమ్ అనే సొసైటీ పుట్టింది. ఆ పద్ధతే ఇప్పుడు చాలా దేశాల్లో ఉంది. సొసైటీకి ఫీజు కడితే దాని జాబితాలోని పాటలన్నీ వేసుకోవచ్చు. శ్రోతలకు తెలిసిన హిట్ పాటలు కావాలంటే దాదాపు ఇదే దారి.

చిక్కేమిటంటే పాట ఒకటే అయినా హక్కులు రెండు పొరలు. సాహిత్యం, బాణీ ఒక పొర, రికార్డింగు రెండోది. చాలా చోట్ల వీటికి వేర్వేరు సొసైటీలు ఉంటాయి. ఒకదానికి కట్టి రెండోదాన్ని మరిచిపోయేవాళ్లే ఎక్కువ. "ఎఫ్ఎం వాళ్లు కట్టడం లేదుగా" అన్న మాటా చెల్లదు. అమెరికాలో ఎఫ్ఎం స్టేషన్ రికార్డింగు యజమానికి రాయల్టీ కట్టక్కర్లేదు కానీ, అదే పాట నెట్‌లో వినిపిస్తే కట్టాలి.

అసలు సంగతికి వస్తాను. ప్రసార లైసెన్సు సాధారణంగా ప్రసారం వరకే. శ్రోత తనకు కావలసినప్పుడు నొక్కి వినేలా ఉంచితే చట్టం దృష్టిలో అది వేరే వాడకం. భారత కాపీరైట్ చట్టంలోని 31డి సెక్షన్ కింద ప్రసార సంస్థలకు దొరికే లైసెన్సు, నెట్‌లో అడిగిన పాట వినిపించే సేవలకు వర్తించదని బొంబాయి హైకోర్టు 2019లో తేల్చింది. లైవ్ ముగియగానే రికార్డింగు దానంతటదే సేవ్ అయి పేజీలో కూర్చునే సెట్టింగు చాలా చోట్ల ఉంటుంది. లైసెన్సు తీసుకుని నిజాయితీగా నడిపేవాళ్లు కూడా ఇక్కడే దొరికిపోతారు. కాబట్టి లైవ్ తప్ప ఏదీ మిగల్చనివాళ్లకు సొసైటీ లైసెన్సే మేలు. ఏ రోజు ఏ పాట వేశారో లాగ్ రాసి పంపే ఓపిక మాత్రం ఉండాలి.

రాయల్టీ ఫ్రీ లైబ్రరీల గురించి పెద్దగా చెప్పడానికి లేదు. చందా కడతారు, డౌన్‌లోడ్ చేసుకుంటారు, వేసిన ప్రతిసారీ విడిగా రాయల్టీ కట్టక్కర్లేదు. వీడియోలకు, పాడ్‌కాస్ట్‌లకు సరిపోతుంది. ఇరవై నాలుగు గంటల రేడియోకి పనికొస్తుందో లేదో, చందా ఆపేశాక పాత ఎపిసోడ్ల గతేమిటో షరతుల్లో వెతుక్కోండి. సంగీతం మాత్రం ఎక్కువ భాగం లిఫ్టుల్లో వినిపించే చప్పటి సంగీతంలాగే ఉంటుంది.

ఎపిసోడ్లు నెట్‌లో ఉండిపోవాలంటే నా ఓటు క్రియేటివ్ కామన్స్‌కే, అంటే ఫలానా షరతులతో ఎవరైనా వాడుకోవచ్చని కళాకారుడే ముందుగా ఇచ్చేసే అనుమతికే. 2002 నుంచి ఉన్న ఈ లైసెన్సుల్లో ఒక గుణం నాకు బాగా నచ్చుతుంది: షరతులు పాటించినంత కాలం ఇచ్చిన అనుమతిని కళాకారుడు వెనక్కి తీసుకోలేడు. రేపు మనసు మార్చుకున్నా మీ పాత ఎపిసోడ్ ఎక్కడికీ పోదు. 2013లో వచ్చిన 4.0 వెర్షన్‌లో అయితే పొరపాటున క్రెడిట్ వదిలేసినా, తెలిసిన 30 రోజుల్లోపు సరిదిద్దితే హక్కు తిరిగొస్తుంది. కళాకారుడి పేరు చెబితే చాలనే బీవై రకం తీసుకోండి. ప్రకటనలు వేసే ఉద్దేశముంటే వ్యాపారానికి వాడొద్దనే ఎన్‌సీ జోలికి పోకండి. ఎన్‌డీ అంటే మార్పులు చేసి పంచకూడదని; అలాంటి పాటను వీడియో వెనక జోడిస్తే అది మార్పు కిందికే వస్తుంది, ఒప్పుకోరు.

ప్రమాదం లేకపోలేదు. ఎవరిదో పాటను ఇంకెవరో క్రియేటివ్ కామన్స్ అని పెట్టేస్తుంటారు. అందుకే డౌన్‌లోడ్ చేసిన రోజే లైసెన్సు కనిపించేలా ఆ పేజీని తేదీతో సహా స్క్రీన్‌షాట్ తీసి దాచుకోవాలి. వీలైతే కళాకారుడికి ఓ మెయిల్ పెట్టండి. మీ కార్యక్రమమేమిటో చెప్పి "వేసుకోవచ్చా" అని అడిగితే వచ్చే రెండు వాక్యాల జవాబుకున్న విలువ దేనికీ లేదు.

హక్కులు తీరిపోయిన పాత సంగీతమూ ఉందనుకోండి. 1847లోనే కన్నుమూసిన త్యాగరాజు కీర్తనలపై ఎవరికీ కాపీరైట్ లేదు. వాటిని ఎవరైనా పాడి చేసిన రికార్డింగుకు మాత్రం ఉంటుంది; భారత్‌లో విడుదలైన మరుసటి ఏడాది మొదలు 60 ఏళ్లు. మీరే పాడుకుంటే ఏ గొడవా లేదు.

సినిమాలూ ప్రసారం చేస్తామంటారు కొందరు. పాటల సొసైటీ లైసెన్సు దానికి పనికిరాదు. డిస్క్ కొన్నా, ఓటీటీ చందా కట్టినా ఇంట్లో చూసుకోవడానికే. హక్కులు ఎవరి దగ్గరుంటే వాళ్లతోనే, ఏ ప్రాంతానికి, ఎన్నిసార్లు, ఎంతకాలం అన్నది రాతలో తేల్చుకోవాలి.