గొట్టం మంచిదే, తంటా అంతా మురుగు కాలువతోనే

నేలలోని ఉప్పునీళ్లు బయటకు లాగేందుకు పొలం అడుగున చిల్లుల మురుగు గొట్టాలు వేయించినప్పటి నుంచి ఎవరు కలిసినా చౌడు పోయిందా అనే అడుగుతారు. పోయింది. ఏటా నారు మాడిపోయే పల్లపు మడిలో ఇప్పుడు వరి దుబ్బు కడుతోంది. మొదటి ఏడు గొట్టం నీళ్లు నాలిక మీద వేసుకుంటే ఉప్పు కషాయమే, ఇప్పుడు ఆ ఘాటు లేదు. ఉప్పుగుండూరు, కొణంకి ఊళ్లలో డచ్చివాళ్ల సాయంతో బాపట్ల శాస్త్రవేత్తలు చేసి చూపించింది ఈ పద్ధతే.

నా ఏడుపంతా గొట్టం మూతి దగ్గర. మీటరు లోతున వేసిన గొట్టం మురుగు కాలువలోకి తెరుచుకోవాలి. కాలువ నిండా గుర్రపుడెక్క, పూడిక. సముద్రం పోటు మీదుంటే నీళ్లు దిగువకు లాగవు. మామూలు వానకైతే ఒకటి రెండు రోజుల్లో మూతి బయటపడుతుంది, సర్దుకుపోవచ్చు.

2023 డిసెంబరులో మిచౌంగ్ తుఫాను బాపట్ల దగ్గరే తీరం దాటింది. అప్పటికి చేను కోసి పనల మీదుంది. కాలువ గట్టు దాకా ఉబ్బింది, మూతి మునిగింది. గొట్టంలోంచి నీళ్లు బయటకు పోవడం అటుంచి, కాలువ నీళ్లే పొలంలోకి ఎగదన్నాయి. చీకట్లో మొలలోతు నీళ్లలో దిగి, చేత్తో తడుముకుంటూ గొట్టం మూతికి మూత బిగించాం. సంపులో, అంటే గొట్టం నీళ్లు చేరే గుంతలో, తోడిపోయడానికి మోటారు ఉంది కానీ కరెంటు లేదు. డీజిల్ ఇంజిను అద్దెకు దొరికేసరికి పనలకు మొలకలొచ్చాయి. అమ్మినవాళ్లు ఈ సంగతి ఒక్క ముక్క చెప్పలేదు. అయినా పైన నిలిచిన వరద నీటిని ఈ గొట్టం గబగబా లాగేస్తుందనుకోకండి. మా నల్లరేగడిలో దానికి గండ్లు, బోదెలే దిక్కు.

కాలువలో నీళ్లు తీశాక మాత్రం ముచ్చటేసింది. పక్క చేలల్లో కాలు దిగబడుతుండగానే మా నేల పదునుకొచ్చింది, కొట్టుకుపోయిన మినుము ముందుగా మళ్లీ చల్లుకున్నాం. ఇంకోటి, యూరియా చల్లిన రోజుల్లో మూత వేసి ఉంచాలి, లేకపోతే ఎరువు కూడా కాలువపాలే.

మా బావమరిది పొలం మెరక మీద ఉంది, కాలువ కూడా లోతు. వేయించుకోమనే చెప్పాను. మాకు దిగువనున్న వాళ్లు అడిగితే మాత్రం సంపు, ఇంజిను ఖర్చు కలుపుకుని లెక్కేసుకోమంటున్నాను. కౌలు చేసేవాళ్లకైతే ఏం చెప్పాలో నాకూ తోచడం లేదు.