ఇగ్నిషన్ కాయిల్స్ పని ఇంట్లోనే: కొన్నేళ్ల వాడకం తర్వాత నా సమీక్ష

మా పెట్రోల్ కారు లక్ష కిలోమీటర్లు దాటి చాలా కాలమైంది. నాలుగు సిలిండర్లు, ఒక్కోదానిలో పెట్రోల్ అంటించే స్పార్క్ ప్లగ్గు, ఒక్కో ప్లగ్గు మీద దానికి ఎక్కువ వోల్టేజీ ఇచ్చే ఒక్కో కాయిల్. ఈ కాయిల్స్ పని కొన్నేళ్లుగా విజయవాడలో మా అపార్ట్‌మెంట్ పార్కింగ్‌లోనే చేసుకుంటున్నాను. ఇంట్లో చేసుకోవచ్చా, డబ్బు మిగులుతుందా, చేసిన పని నిలుస్తుందా అని తెలిసినవాళ్లు అడుగుతుంటారు. మూడింటికీ అవుననే చెబుతాను.

ఒక విషయం మాత్రం ముందే తెలియాలి. కాయిల్ లోపలి భాగం రిపేరుకు లొంగదు. రాగి తీగ చుట్లన్నిటినీ ఎపాక్సీ పోసి మూసేస్తారు కాబట్టి విప్పి చూసేందుకు దారి ఉండదు. మన చేతిలో ఉన్నవన్నీ దాని చుట్టూ ఉండేవే: కింద ప్లగ్గు మీద తొడిగే రబ్బరు బూటు, అందులో స్ప్రింగు, పైన వైర్లు తగిలించే కప్లర్, అడుగున ప్లగ్గు, ప్లగ్గు గుంటలోకి దిగే ఆయిలు. నా బండిలోనూ, మా చుట్టాల బండ్లలోనూ "కాయిల్ పోయింది" అనుకున్న వాటిలో ఎక్కువ భాగం ఈ చుట్టుపక్కల తేడాలే. అసలు కాయిలే చచ్చిపోయిన సందర్భాలు తక్కువ.

మా బండి తీరు ఇలా ఉండేది. ఇంటి దగ్గర స్టార్ట్ చేసి నిలబెడితే ఏ ఇబ్బందీ లేదు. నలుగురం కూర్చుని, ఏసీ వేసుకుని దుర్గగుడి ఫ్లైఓవర్ ఎక్కుతుంటే మాత్రం పికప్ పడిపోయి జర్క్ కొట్టేది. పైకెక్కి చదునుకు రాగానే మామూలే. పెట్రోల్ కల్తీ అని ఒకరు, ఫిల్టర్ మూసుకుపోయిందని ఇంకొకరు అన్నారు. కానీ లోడు పడ్డప్పుడే మిస్ కొడుతోందంటే, అంటే ఏదో సిలిండర్‌లో పెట్రోల్ మండటం లేదంటే, ముందు స్పార్క్ వైపు చూడాలి. కాయిల్ 12 వోల్టుల బ్యాటరీ కరెంటును ఇరవై, ముప్పై వేల వోల్టులకు పెంచి ప్లగ్గుకు పంపుతుంది. సిలిండర్‌లో ఒత్తిడి పెరిగేకొద్దీ స్పార్క్ ప్లగ్గు అడుగున ఉండే చిన్న గ్యాప్ దాటడానికి కావలసిన వోల్టేజీ కూడా పెరుగుతుంది. ఇంజిన్ ఊరికే తిరుగుతున్నప్పుడు ఒత్తిడి తక్కువ కాబట్టి నీరసపడ్డ కాయిల్ కూడా నెట్టుకొస్తుంది. ఎత్తు ఎక్కేటప్పుడు అంత వోల్టేజీని గ్యాప్ దాకా చేర్చలేదు. అప్పుడు బూటులో ఎక్కడ సన్నటి పగులుంటే అక్కడి నుంచి పక్కనున్న ఇనుముకు దూకేస్తుంది. స్పార్క్ పుట్టింది, కానీ పుట్టాల్సిన చోట పుట్టలేదు.

ఈ కాయిల్ చేసే చాకిరీ కూడా తక్కువేం కాదు. ఇంజిన్ నిమిషానికి 3000 చుట్లు తిరుగుతుంటే ఒక్కో కాయిల్ సెకనుకు 25 స్పార్కులు ఇవ్వాలి. ప్రతిసారీ రెండు మూడు మిల్లీ సెకన్ల పాటు కరెంటు నింపుకోవాలి, ఇంజిన్‌ను నడిపే కంప్యూటర్ ఈసీయూ ఆపమన్న క్షణంలో వదిలేయాలి. ఇదంతా ఇంజిన్ నెత్తిన, మన మే నెల ఎండలో. రబ్బరు, ప్లాస్టిక్ పెళుసెక్కిపోవడంలో వింతేముంది?

చెక్ ఇంజిన్ లైట్ గురించి ఒక మాట. అది నిలకడగా వెలిగితే ఇల్లు చేరాక చూసుకోవచ్చు. ఆరుతూ వెలుగుతూ ఉంటే మాత్రం మిస్సింగ్ బాగా ఎక్కువగా ఉందని అర్థం. కాలని పెట్రోల్ పొగను శుభ్రం చేసే క్యాటలిటిక్ కన్వర్టర్‌లోకి వెళ్లి అక్కడ మండుతుంది, దాన్ని లోపలి నుంచి కరిగించేస్తుంది. కాయిల్ ధర కన్వర్టర్ ధర ముందు ఏ మూలకూ రాదు. అలా మెరుస్తుంటే నేను బండిని పక్కకు తీసి ఆపేస్తాను, ఎంత తొందర పని ఉన్నా సరే.

ఏ సిలిండరో తెలుసుకోవడానికి ఈసీయూ రాసుకున్న తప్పుల కోడ్లు చదివే ఓబీడీ స్కానర్ చాలు. మన దగ్గర 2013 నుంచి వచ్చిన బీఎస్-4 పెట్రోల్ కార్లలో ఓబీడీ-2 సాకెట్ ఉంటుంది, స్టీరింగ్ కింద వెతికితే దొరుకుతుంది. బ్లూటూత్‌తో ఫోన్‌కు కలిసే చిన్న స్కానర్ నేను వెయ్యి రూపాయల లోపే కొన్నాను, ఇప్పటికీ అదే వాడుతున్నాను. పీ0301 నుంచి పీ0304 వరకు కోడ్ వస్తే ఒకటి నుంచి నాలుగు వరకు ఏ సిలిండర్‌లో మిస్సింగ్ ఉందో అది చెబుతుంది. పీ0351 వరుసలో వస్తే ఆ కాయిల్ సర్క్యూట్‌లోనే, అంటే వైరులోనో కప్లర్‌లోనో కాయిల్‌లోనో తేడా. పీ0300 అంటే మిస్సింగ్ ఒక సిలిండర్‌కే పరిమితం కాలేదని. అది వస్తే కాయిల్స్ జోలికి పోయే ముందు పెట్రోల్ ప్రెషర్, గాలి లీకులు చూడటం మేలు.

నాకు పీ0303 వచ్చింది. ఇక్కడే ఇంటి పని విలువ తెలుస్తుంది. మూడో కాయిల్ తీసి ఒకటో దాని స్థానంలో పెట్టాను, ఒకటోది మూడులో పెట్టాను. కోడ్ చెరిపేసి, మళ్లీ అదే ఫ్లైఓవర్ మీదికి తీసుకెళ్లాను. కోడ్ పీ0301గా మారితే తప్పు కాయిల్‌దో దాని బూటుదో. మూడులోనే ఉండిపోతే ప్లగ్గు, వైరింగ్, ఇంజెక్టర్ లేదా కంప్రెషన్. ఇంత కచ్చితమైన పరీక్ష, అదీ పైసా ఖర్చు లేకుండా, ఇంకొకటి నాకు తెలీదు. మల్టీమీటర్‌తో ఓమ్స్ కొలిచి తేల్చేద్దామనుకునేవాళ్లకు ఒక హెచ్చరిక: మూడు, నాలుగు పిన్నుల కాయిల్స్‌లో లోపల కరెంటును ఆన్, ఆఫ్ చేసే ఇగ్నైటర్ సర్క్యూట్ కూడా ఉంటుంది, కాబట్టి బ్యాటరీ వైపు (ప్రైమరీ) చుట్ట రీడింగ్ నమ్మదగింది కాదు. పైగా చల్లగా ఉన్నప్పుడు బాగా ఉన్న కాయిల్ వేడెక్కాక మొరాయిస్తుంది. మల్టీమీటర్‌ను నేను వాడేది ఒక్క పనికే: తాళం ఆన్ చేసి, కప్లర్‌లో 12 వోల్టులు వస్తున్నాయా, ఎర్త్ సరిగా ఉందా అని చూడటానికి.

కోడ్ కాయిల్ వెంటే వచ్చింది. తీసి చూస్తే కాయిల్ పైభాగం నిక్షేపంగా ఉంది. బూటు తిరగేసి ఫోన్ టార్చి వేస్తే లోపలి గోడ మీద పెన్సిల్‌తో గీసినట్టు సన్నటి నల్ల గీత. ప్లగ్గు తెల్ల పింగాణీ మీద కూడా సరిగ్గా అదే చోట, అదే గీత, కొస నుంచి కింది ఇనుప భాగం దాకా. దీన్ని కార్బన్ ట్రాక్ అంటారు. ఒకసారి ఆ దారి పడిందంటే కరెంటు ఇక దాన్ని వదలదు. గుడ్డతో తుడిస్తే పోయినట్టే కనిపిస్తుంది, కానీ పోదు. ప్లగ్గు ఒక్కటే మార్చి పాత బూటు బిగిస్తే బూటు మీద గీత కొత్త ప్లగ్గు మీద కొత్త గీత వేస్తుంది. రెండూ కలిపి మార్చాల్సిందే. బూటు, స్ప్రింగు విడిగా దొరికే కాయిల్ మాది. బండ్ల సామాన్లు దొరికే ఆటోనగర్‌లో రెండు మూడు వందలకు వచ్చాయి, కొత్త కాయిలైతే రెండు వేల పైచిలుకు. ఆ పాత కాయిల్ కొత్త బూటుతో ఇప్పటికీ అదే బండిలో పనిచేస్తోంది. అన్ని బండ్లకూ బూటు విడిగా దొరకదు, కొన్నిటికి కాయిల్‌తో కలిపి అచ్చుపోసి ఉంటుంది. కొనే ముందు అడిగి తెలుసుకోండి.

గీత ఎందుకు పడింది అన్నది అసలు ప్రశ్న. ప్లగ్గు అరిగి గ్యాప్ పెరిగితే వోల్టేజీ ఎక్కువ కావాలి, ఆ భారం కాయిల్ మీద, బూటు మీద పడుతుంది. మామూలు నికెల్ ప్లగ్గులు 30, 40 వేల కిలోమీటర్లకు మార్చేయాలి. ఇరీడియం అయితే లక్ష దాకా లాగుతాయి. మా బండిలో ఇంకో కారణం కూడా తోడైంది: ప్లగ్గు గుంటలో ఆయిలు. ఇంజిన్ పైమూత (ట్యాపెట్ కవర్) కింద ఉండే రబ్బరు ప్యాకింగ్ గట్టిపడి గుంటలోకి కారుతోంది. ఆయిల్‌లో నానిన రబ్బరు ఉబ్బి మెత్తబడుతుంది. ప్యాకింగ్ మార్చకుండా కాయిల్స్ ఎన్ని మార్చినా డబ్బు దండగే. ఈ మాట గట్టిగా చెప్పే షెడ్లు తక్కువ. మా బావగారి కారుకు ఒక షెడ్డులో నాలుగు కాయిల్స్ మార్చి పంపారు, గుంటలో ఆయిలు అలాగే వదిలేశారు. ఆయన మళ్లీ అదే మిస్సింగ్‌తో మా ఇంటికి వచ్చారు. ప్యాకింగ్ మార్చి, గుంటలు శుభ్రం చేసి, బూట్లు వేశాక ఇప్పటివరకు ఆ ఇబ్బంది మళ్లీ రాలేదు.

నీళ్లు కూడా అంతే ప్రమాదం. వాటర్ సర్వీసింగ్‌లో బానెట్ ఎత్తి ప్రెషర్ గన్‌తో ఇంజిన్ కడగనివ్వను. గుంటలోకి చేరిన నీళ్లకు బయటికి దారుండదు. 2024 సెప్టెంబరులో బుడమేరు వాగు పొంగి విజయవాడ సింగ్‌నగర్ వైపు కార్లు మునిగినప్పుడు తెలిసినవాళ్ల బండి ఒకటి నేను చూశాను. కప్లర్ల పిన్నులన్నీ పచ్చగా చిలుము పట్టాయి, స్ప్రింగులు తుప్పు. అలాంటి బండిని స్టార్ట్ చేసే ప్రయత్నమే చేయకూడదు, సిలిండర్లలో నీళ్లుంటే కనెక్టింగ్ రాడ్లు వంగిపోతాయి. అది షెడ్డు పని, ఇంటి పని కాదు.

ఇక పని చేసే తీరు. ఇంజిన్ పూర్తిగా చల్లారాలి. వేడి మీద ఇంజిన్ పైభాగమైన అల్యూమినియం హెడ్‌లోంచి ప్లగ్గు తీస్తే మరలు పాడయ్యే ప్రమాదం ఉంది. బ్యాటరీ నెగెటివ్ తీసేస్తాను. కప్లర్ లాక్‌ను వేలితో నొక్కి లాగాలి, స్క్రూడ్రైవర్‌తో పీకకూడదు. ఎండకు పెళుసెక్కిన ఆ చిన్న లాక్ పుటుక్కున విరుగుతుంది. విరిగిన కప్లర్ వైరు ముక్కతో సహా ఆటోనగర్‌లో దొరుకుతుంది. తర్వాత మా బండికైతే 10 ఎంఎం సాకెట్‌తో ఒక్క బోల్టు, కాయిల్‌ను కొద్దిగా అటూ ఇటూ తిప్పి నిటారుగా పైకి లాగడం, అంతే. ప్లగ్గు విప్పే ముందు టైర్లకు గాలి కొట్టే ఇన్‌ఫ్లేటర్‌తో గుంటలో దుమ్ము ఊదేస్తాను, లేకపోతే అదంతా సిలిండర్‌లోకి పడుతుంది. కొత్త ప్లగ్గు కొసకు పాత పెట్రోల్ పైపు ముక్క తొడిగి వేళ్లతో తిప్పి దించుతాను. మర సరిగా పట్టకపోతే పైపే జారి తిరుగుతుంది కాబట్టి మర చెడదు. 14 ఎంఎం మర, వాషర్ ఉన్న ప్లగ్గయితే అల్యూమినియం హెడ్‌కు 25 నుంచి 30 న్యూటన్ మీటర్ల బిగింపు. సన్న మరల ప్లగ్గులకు ఇంకా తక్కువ, మాన్యువల్ చూసి బిగించాలి. బిగింపు కొలిచే టార్క్ రెంచ్ ఖరీదైనా కొనమనే చెబుతాను, ఈ పనిలో అన్నిటికన్నా ఖరీదైన తప్పు హెడ్ మర పోగొట్టుకోవడం. బూటు లోపలి అంచుకు కరెంటు పారనివ్వని డైఎలక్ట్రిక్ గ్రీజు బియ్యపు గింజంత రాస్తే చాలు. తేమ రాదు, తర్వాతిసారి రబ్బరు ప్లగ్గుకు అతుక్కోకుండా ఊడొస్తుంది. మామూలు గ్రీజు మాత్రం వద్దు, అది రబ్బరును తినేస్తుంది.

ఇంజిన్ నడుస్తుండగా కాయిల్ పైకి లాగి చూసే అలవాటు కొందరికి ఉంది. చేయకండి. వేల వోల్టులు మన చేతికి దారి వెతుక్కోవచ్చు, ఈసీయూ కూడా దెబ్బతినవచ్చు. గుండెకు పేస్‌మేకర్ ఉన్నవాళ్లు నడుస్తున్న ఇంజిన్ ఇగ్నిషన్ దగ్గరికి అసలు రాకూడదు.

ఒక్కటి పోతే నాలుగూ మార్చాలా? షెడ్లలో నాలుగూ మార్చమంటారు. ప్లగ్గులు నాలుగూ కలిపి మారుస్తాను, కాయిల్ మాత్రం పోయినదాన్నే. బానెట్ ఎత్తగానే కాయిల్స్ చేతికందే బండికి రెండోసారి తెరవడం పెద్ద పని కాదు. గాలి లోపలికి పంపే గొట్టాల భాగం (ఇన్‌టేక్ మానిఫోల్డ్) విప్పితే గానీ కాయిల్ అందని వీ6 లాంటి ఇంజిన్లకైతే అన్నీ ఒకేసారి మార్చడమే న్యాయం. మార్చేటప్పుడు కంపెనీ ఒరిజినల్ గానీ, డెన్సో, బాష్, ఎన్‌జీకే లాంటి పేరున్న సరుకు గానీ బిల్లుతో తీసుకుంటాను. మా పిన్ని కొడుకు పేరులేని కాయిల్ సగం ధరకు వేయించాడు, ఒక వానాకాలం కూడా గట్టెక్కలేదు. వాడిది సీఎన్‌జీ బండి కూడా. గ్యాస్ మీద స్పార్క్ దూకడానికి పెట్రోల్ కన్నా ఎక్కువ వోల్టేజీ కావాలి, కాబట్టి సీఎన్‌జీ వాడేవాళ్లు ప్లగ్గులు ఇంకా ముందే మార్చుకోవాలి, గ్యాప్ మాన్యువల్ చెప్పినంతే ఉంచాలి.

ఈ పని తర్వాత బండిలో కనిపించిన తేడా ఏంటంటే మొదట పికప్, తర్వాత మైలేజీ. మిస్ కొట్టిన సిలిండర్ నుంచి వాడని ఆక్సిజన్ బయటికి వస్తుంది. పొగ పైపులోని ఆక్సిజన్ సెన్సార్ దాన్ని చూసి పెట్రోల్ చాలడం లేదనుకుంటుంది, ఈసీయూ ఇంకాస్త పెట్రోల్ పోస్తుంది. అందుకే మిస్సింగ్ ఉన్నన్నాళ్లూ పెట్రోల్ బంకులో తేడా తెలిసిపోతుంది. హైదరాబాద్ వెళ్లి వస్తే ఇప్పుడు ఆ బాధ లేదు. డిక్కీలో ఒక కాయిల్, బూటుతో సహా, 10 ఎంఎం సాకెట్‌తో కలిపి ఎప్పుడూ ఉంచుతాను. దారిలో పోతే పది నిమిషాల పని.

పాత బండ్లవాళ్లకు చివరగా ఒక సంగతి. నాలుగు ప్లగ్గులకు ఒకే కాయిల్ ప్యాక్, దాని నుంచి ప్లగ్గులకు వెళ్లే హెచ్‌టీ (ఎక్కువ వోల్టేజీ) వైర్లు ఉన్న బండ్లలో 1, 4 సిలిండర్లకు ఒక తీగ చుట్ట, 2, 3కి ఇంకొకటి ఉంటుంది. పీ0301, పీ0304 జంటగా వస్తే ప్యాక్‌ను అనుమానించండి. ఒక్క సిలిండరే మిస్ కొడుతుంటే ముందు ఆ వైరు, ప్లగ్గు మార్చి చూడండి, ప్యాక్ కొనక్కర్లేకుండానే పని అయిపోవచ్చు.